గట్టు నడక

1వ రోజు

ఈ రోజు సరుకుల కొట్టు ముందున్న బాట నన్ను దాలమ్మ అని పిలిచింది.

నా పేరు తవిటమ్మ. వయసు ఇరవై మూడు. దాలమ్మత్తకి అరవై రెండు. ఉప్పు మోసే మా వరసలో ఆమె ముందు మనిషి, నేను చివరి మనిషిని. మా ఇద్దరి మధ్య ఆరుగురు ఆడవాళ్లు నడుస్తారు. ఆరుగురినీ దాటుకుని ఆమె పేరు నా నెత్తిన ఎందుకు పడిందో తెలియదు.

నేను కొత్తగా ఏమీ చేయలేదు. నల్ల రబ్బరు పట్టీ, అటూ ఇటూ రెండు స్తంభాలు, ఏడడుగులు. పెళ్లిలో ఏడడుగులు ఒక్కసారి నడిస్తే చాలు, ఇక్కడ రోజుకి పదిసార్లు నడవాలి. ఏడో అడుగు పడగానే స్తంభంలోంచి ఆ తియ్యటి గొంతు, "దాలమ్మ గారూ, స్వాగతం," అంది. తలుపు తెరుచుకుంది. వెనకాల మా వరసంతా నవ్వింది.

"ఏటే, నువ్వు దాలమ్మవైతే మరి నానెవుర్నే?" అంది దాలమ్మత్త.

"నువ్వు సచ్చిపోయి నాలో దూరినావేటో," అన్నాను.

అందరం మళ్లీ నవ్వాం.

కోపం వస్తే రాసుకోవడం నాకు అలవాటు. బడికి పోలేదు. ఉప్పు బస్తాల మీది అచ్చు చూసి అక్షరాలు నేర్చుకున్నాను. ఇంతవరకూ చేతిరాత చూసి మనిషిని పట్టే యంత్రం మా ఊరికి రాలేదు, కాబట్టి ఈ పుస్తకంలో ఉన్నది నేనే.

6వ రోజు

ఇప్పుడు ఎనిమిది మందిమీ దాలమ్మలమే. మొన్న బస్సు దగ్గరి బాట మా అప్ప గున్నమ్మని అలా పిలిచింది. నిన్న పారమ్మని. ఇవాళ మిగిలినవాళ్లని.

ఎందుకో నాకు అర్థమైంది. మా ఉప్పు మడుల మధ్య గట్లు జానెడు వెడల్పు. కాలు ఎటు జారినా బుట్టతో సహా ఉప్పునీళ్లలో పడతాం. అందుకని కొత్తగా వచ్చిన ప్రతి పిల్లకీ దాలమ్మత్త రెండు చీలమండలకీ పురికొస కట్టి నడక నేర్పుతుంది. ముందు కాలి మడమకి వెనక కాలి బొటనవేలు తగలాలి. ఎడమ చెయ్యి బుట్టకి, కుడి చెయ్యి నడుం వెనక్కి. తుంటి కదలకూడదు. ఏడాది తర్వాత పురికొస విప్పేస్తుంది. కాలికి విప్పుతుంది గాని ఒంటికి ఊడదు. పెళ్లికి పోయినా, వెడల్పాటి తారు రోడ్డు మీద పోయినా మేం ఒకరి వెనక ఒకరం అలాగే నడుస్తాం. బస్సు వాళ్లు హారన్ కొట్టి నవ్వుతారు.

మనిషిని గుర్తుపట్టడానికి మొదట్లో వేళ్లు చూసేవారట. మా వేలి గీతల్ని ఉప్పు తినేసింది. తర్వాత కళ్లు చూశారు. తెల్లటి మడుల మీది ఎండ మా కళ్లని తినేసింది. అప్పుడు ఎవరో పెద్ద చదువులవాడు, నడకని ఏదీ అరగదీయలేదని కనిపెట్టాడట. దేశమంతా బాటలు పరిచారు.

మా ఊరి బాటకి కాపలాదారు జోగారావు. వెనకటికి ఉత్తరాలు పంచినవాడు. ప్రతి గడపా, ప్రతి పేరూ ఎరిగున్నవాడు. వెళ్లి అడిగాను.

"సిన్నాన్నా, నానెవుర్ని?"

"తవిటివి. గున్నమ్మ సెల్లెలివి. నోరున్నదానివి."

"మరి ఆ మాట దీనికి సెప్పు."

"నాను సెప్తే వినదమ్మా. ఒకే నడకతో ఇద్దరు తిరిగితే దొంగతనమట. అలాటోళ్లని ఒక మనిసి కింద కలిపీమని పైనించి మార్పు వొచ్చింది. మీ ఎనమండుగుర్నీ కలిపీసినాది."

"పప్పులో ఉప్పులాగ కలిపీడానికి మేం మనుసులం కామా?"

"పిర్యాదు పెట్టు."

"ఎక్కడ?"

"మండలాపీసుల."

"లోపలికెలా ఎల్తాను?"

ఆయన స్తంభాల వైపు చూశాడు. మండలాఫీసుకీ బాట ఉంది. నేను నడిచి వెళ్తాను, దాలమ్మ వచ్చిందంటుంది, దాలమ్మకి ఏ ఇబ్బందీ లేదని రాసుకుంటారు.

19వ రోజు

గున్నమ్మకి ఆడపిల్ల పుట్టింది. ఇద్దరూ బాగున్నారు. ఈ మాట ముందు రాస్తున్నాను, ఎందుకంటే మిగిలినదేదీ బాగా లేదు.

మా బావ కార్తీకంలో వేటకి పోయాడు. పడవ ముక్కొకటి ఒడ్డుకి కొట్టుకొచ్చింది, మనిషి రాలేదు. అప్పటినుంచి గున్నమ్మ ఈ బిడ్డ కోసమే తింటోంది, ఈ బిడ్డ కోసమే నిద్రపోతోంది.

నొప్పులతో వంగిపోయి కూడా ఆస్పత్రి బాట మీద గట్టు నడకే నడిచింది. "దాలమ్మ గారూ, స్వాగతం. మీ వయసువారికి ఈ నెల మోకాళ్ల పరీక్ష ఉచితం," అంది గొంతు. తలుపు తెరుచుకుంది కదా, అదే పదివేలనుకున్నాం.

బిడ్డ చేతికి కట్టిన పట్టీ మీద ఇలా ఉంది: తల్లి దాలమ్మ, 62 సంవత్సరాలు. మార్చమని నర్సుని అడిగాను. "అది నేను రాసింది కాదు, దానంతటదే వచ్చింది," అంది. ఆమె చేతిలో కలం కూడా లేదు.

దాలమ్మత్త బిడ్డని ఒళ్లో పెట్టుకుంది. "ఈ వయసుల ఆడపిల్ల. ఊరేటనుకుంటాదే నన్ను?"

అప్ప కుట్లు పట్టుకుని మరీ నవ్వింది. నాకు నవ్వు రాలేదు. ఆ పట్టీ కత్తిరిద్దామని చూశాను. కత్తెరకి తెగలేదు.

33వ రోజు

దాలమ్మత్త పోయింది.

మిట్టమధ్యాహ్నం, గట్టు మీద. జానెడు గట్టు మీద ముందు మనిషి ఆగితే వెనకాల అందరం ఆగాలి. ఆగాం. గున్నమ్మ బాలింత కాబట్టి ఇంట్లో ఉంది. చివర్లో ఉన్న నాకు ఐదు వీపులూ ఐదు బుట్టలే కనిపించాయి. ఎవరినీ దాటి వెళ్లడానికి చోటు లేదు. పారమ్మ ఆమె వెనకే ఉంది. ఆమె చెప్పింది: అత్త మెల్లగా మోకాళ్ల మీద కూర్చుందట. బుట్ట కదలలేదట. రెండు చేతులతో దాన్ని గట్టు మీద దించి, ఆ తర్వాత పక్కకి ఒరిగిందట.

శ్మశానం గేటుకీ తాళం బాట చేతిలోనే ఉంది. చావు నమోదు చేస్తేనే తెరుచుకుంటుంది. చచ్చినవాళ్లు నడవరు కాబట్టి అదొక్కటి మాత్రం మనిషి రాయాలి. జోగారావు ఏడుస్తూనే రాశాడు. శవాన్ని ఎండలో ఉంచకూడదని అప్పటికప్పుడు రాశాడు. మంచివాడు.

34వ రోజు

పొద్దున్నే సరుకుల కొట్టు బాట మీద ఏడడుగులు నడిచాను.

"దాలమ్మ గారి కుటుంబానికి మా సానుభూతి," అంది గొంతు.

తలుపు తెరుచుకోలేదు. మళ్లీ నడిచాను. మళ్లీ సానుభూతి. నా తర్వాత పారమ్మ నడిచింది. ఆమెకీ సానుభూతే. ఏడుగురమూ వరసగా నడిచి ఏడుసార్లు విన్నాం.

జోగారావు స్తంభం పట్టుకుని కూలబడ్డాడు. "నా సేత్తో రాసినాను తల్లీ. ఒక్కదానికే రాసినాననుకున్నాను."

"తీసీ సిన్నాన్నా."

"సావుని తీసే మీట నేదమ్మా. ఆళ్లు పెట్టనేదు."

బస్సు లేదు. ఆస్పత్రి లేదు. సరుకుల్లేవు. పక్కింటివాళ్లు గిన్నెతో బియ్యం ఇచ్చి, మాతో ఎక్కువ మాట్లాడకుండా తలుపు వేసుకున్నారు. మడుల మేస్త్రి ఒక్కడే మమ్మల్ని రానిచ్చాడు. "సచ్చినోళ్లైనా పర్లేదు, బుట్ట మొయ్యగల్రు గదా," అన్నాడు. తమాషాకే అన్నాడు. వాడి మొహాన ఉప్పు కొడదామనుకున్నాను. కొట్టలేదు, బుట్ట ఎత్తుకున్నాను. అది రాసుకోవడానికి కూడా సిగ్గుగా ఉంది.

41వ రోజు

జోగారావు కాగితం తెచ్చాడు. బాట కాపలాదారు అయ్యాక ఆయన మళ్లీ గడపకి తెచ్చిన ఉత్తరం ఇదే.

నేనే చదివాను. దాలమ్మ, మృతి. సంతానం: ఒక ఆడ శిశువు, వయసు ఇరవై రెండు రోజులు. సంరక్షకులు: లేరు. పది రోజుల్లో వ్యాను వచ్చి శిశువును అనాథ నిలయానికి తరలిస్తుంది. సహకరించండి.

గున్నమ్మ బిడ్డకి పాలిస్తోంది. "ఎవులి పిల్లనే?" అంది.

"నీ పిల్లని."

"ఇది నా రొమ్ము దగ్గరే ఉన్నాది గదా. అదీ కనపడదేటి ఆళ్లకి?"

జోగారావు గడపలోనే నిలబడి ఉన్నాడు. "ఒక్క దారుంది. బతికున్న ఆడమనిసి, సొంత నడక ఉన్న మనిసి, ఈ పిల్ల నాదని సెప్పి బాట మీద నడవాల. అప్పుడు ఇడిసిపెడతారు."

గున్నమ్మ చీర కొంగుతో బిడ్డని తన పొట్టకేసి కట్టేసుకుంది. ముడి మీద ముడి వేసింది. అప్పటినుంచి విప్పలేదు.

44వ రోజు

ఉప్పు పోసే కొఠారు రెండు రోజులుగా ఖాళీగా ఉంది. అందులో నడక మార్చుకోవడం నేర్చుకుంటున్నాం. మాలో ఒక్కదానికైనా సొంత నడక వస్తే చాలు.

కండక్టర్లా కాళ్లు ఎడం చేసి నడిచాను. కల్లు తాగినవాడిలా నడిచాను. పోలీసులా నడిచాను. పారమ్మ ఎదురుగా కూర్చుని అడుగులు లెక్కపెట్టింది. "ఒకటి పోలీసు, రెండు పోలీసు, మూడు పోలీసు, నాలుగు దాలమ్మ," అంది. నవ్వేశాను. ఆ నవ్వు చెడ్డగా వచ్చింది, ఆపుకోలేకపోయాను.

ప్రతిసారీ నాలుగో అడుగుకే ఒళ్లు గట్టు ఎక్కేస్తోంది. బాటకి ఏడడుగులు కావాలి.

గున్నమ్మ కూడా వచ్చి నడిచింది, బిడ్డని పొట్టకి కట్టుకునే. ఆమె రెండో అడుగుకే గట్టు ఎక్కింది. మా అందరిలోకీ మంచి నడక ఆమెది. అత్త ఎప్పుడూ ఆమెనే చూపించి మాకు నేర్పేది.

45వ రోజు

పారమ్మ చెప్పులో గులకరాయి పెట్టుకుంది. వద్దన్నాను.

"ఏటౌద్ది? మహా ఐతే ఇంకోపాలి సానుబూతి సెప్తాది," అంది.

బాట మీద కుంటుకుంటూ నడిచింది. ఐదడుగులు బాగా నడిచింది. ఆరో అడుగుకి గట్టు నడక వచ్చేసింది. గొంతు మారలేదు, అంతే తియ్యగా ఉంది. "మీరు నడక దాస్తున్నారు. దయచేసి అక్కడే నిలబడండి." స్తంభాల మధ్య నుంచి ఇనుప పట్టీలు లేచి ఆమెని నడుం దాకా పట్టేశాయి.

బూడిద రంగు వ్యాను వచ్చేదాకా అక్కడే ఉంది. ఎండలో మూడు గంటలు. నీళ్లు తాగించాను. "మా గుంటకి గంజి కాసి ఎట్టు," అంది. ఇంటి దగ్గర కూతురుంది. వ్యాను వెనక తలుపు మూసుకుంటుంటే ఆమె చెప్పు ఒకటి కింద పడింది. గులకరాయి అందులోనే ఉంది.

47వ రోజు

మడుల్లో రెండో వరస ఆడవాళ్లని, బిడ్డ తమదని నడవమని అడిగాను. ఎవరూ ఒప్పుకోలేదు. ఒప్పుకున్నా పనికిరారు. వాళ్లదీ ఒకే నడక, ఇంకా కలపలేదు, అంతే. వాళ్ల ముందు మనిషికి దగ్గు పట్టుకుంది. ఆవిడ దగ్గినప్పుడల్లా వరసంతా ఆగి చూస్తోంది.

ఈ ఊళ్లో బాట ఎప్పటికీ పొరబడని ఆడమనిషి ఒక్కతే ఉంది. బస్సులు ఆగే చోట టీ అమ్మే సోములమ్మ. తొమ్మిదేళ్లప్పుడు ఉప్పు లారీ ఆమె కుడికాలు మీద నుంచి పోయింది. కాలు పొట్టిదైపోయింది. నడిస్తే పడవ ఊగినట్టు ఊగుతుంది. చిన్నప్పుడు ఆమె వెనకాల నడిచి ఆ నడకని తీసి వెక్కిరించిన పిల్లల్లో నేనే మొదటిదాన్ని.

ఆమెకది గుర్తుంది.

"ఏల వొచ్చినావు? నడక తీసి సూపిస్తావేటి?" అంది.

"తీయలేనప్పా. మాకు ఏ నడకా రావడం నేదు."

గిన్నె తోముతూనే అంతా విన్నది. చివర్లో నా పేరు సంగతి చెప్పాను. నా ముందు ఇద్దరు పుట్టి పోయారు. నేను పుట్టిన మూడో రోజున మా అమ్మ నన్ను పక్కింటావిడకి చేటెడు తవుడుకి అమ్మేసింది. ఈ బిడ్డ వీళ్లది కాదనుకుని చావు వెనక్కి పోతుందని. అందుకే తవిటమ్మనయ్యాను.

"పాపని అలగ కొనుక్కో. పేరుకి," అన్నాను.

"నిన్ను సాయంత్రానికి తిరిగి తెచ్చీసుకున్నారు గదా?"

"ఊఁ."

"నా దగ్గిర అలగ కుదర్దు. నాను కొంటే కొన్నదే. అది నన్నే అమ్మా అనాల. మీ అప్పకి సెప్పు. ఒప్పుకుంటే తవుడు తెస్తాను."

ఆమె మీద కోపం వచ్చింది. దారంతా తిట్టుకుంటూ వచ్చాను. ఇంటికొచ్చాక, ఆమె అడిగినదాంట్లో తప్పేముందో వెతికితే దొరకలేదు.

50వ రోజు

సోములమ్మ చేటలో తవుడు తెచ్చింది.

ఆమె అడిగినది గున్నమ్మకి ఆ రోజే చెప్పాను. ఇవాళ గున్నమ్మ అంది: "కొలిసి తెచ్చినావా, సేతికందినంత తెచ్చినావా?"

"కొలిసినాను. దాని బరువెంతో జోగారావునడిగి, అంతా తెచ్చినాను."

గున్నమ్మ కొంగు ముళ్లు ఒక్కొక్కటే విప్పింది. బిడ్డ పొట్ట మీద చీర మడతల అచ్చులు పడి ఉన్నాయి. బిడ్డని ఇచ్చి, చేట అందుకుంది. రెండూ ఒకే బరువు కదా, చేతులు కిందికి దిగలేదు, పైకి లేవలేదు. ఆ చేటనే ఊపుతూ నిలబడింది. ఊపుతున్నానని ఆమెకి తెలియలేదు.

సోములమ్మ గుమ్మం దాటబోయి ఆగింది. "నువ్వూ నా ఇంటికొచ్చి ఉండు. పాలు ఎవులిస్తారు మరి? కానైతే ఒక్కటి. దాని కళ్ల ముందు నువ్వు నడవకూడదు. ఎప్పుడూ."

"ఏల?" అన్నాను.

"పిల్లలు సూసిందే నడుస్తారు. నా నడక ఏడాది గుంటలు కూడా తీసేవోళ్లు. నన్ను ఏడిపించడానిక్కాదు, ఆళ్లకి అలగే వొచ్చీసేది. ఇది మీ గట్టు నడక నేర్సుకున్నాదో, సచ్చినోళ్ల లెక్కలో పడిపోతాది."

51వ రోజు

వ్యాను వచ్చింది. పారమ్మని తీసుకెళ్లిన వ్యానే. దిగిన ఆఫీసరు పెద్ద వయసువాడు కాదు, మర్యాదగానే మాట్లాడాడు. నాకు ఆ మర్యాదకే భయమేసింది.

సోములమ్మ బిడ్డని ఎత్తుకుని బస్సు దగ్గరి బాట మీద ఏడడుగులు ఊగింది. "సోములమ్మ గారూ, స్వాగతం." ఒక్క క్షణం కూడా ఆలోచించలేదు ఆ గొంతు.

"బిడ్డకి పాలెలా?" అన్నాడు ఆఫీసరు.

"నాది టీ కొట్టు బాబూ. పాలకేటి కరువు."

అతను నవ్వి ఏదో నొక్కాడు. బిడ్డ చేతి పట్టీ మీద అక్షరాలు చెరిగి, కొత్తవి వచ్చాయి. ఆ తర్వాత టీ కొట్టు వెనక నిలబడ్డ గున్నమ్మని చూశాడు. అప్పుడే బిడ్డ ఏడ్చింది. గున్నమ్మ రవిక ముందంతా తడిసిపోయింది.

"ఈవిడెవరు?"

"పనిమనిసి," అంది సోములమ్మ.

గున్నమ్మ తల దించుకుని గ్లాసులు కడగడం మొదలుపెట్టింది. కడిగినవే మళ్లీ కడిగింది.

వెళ్తూ ఆఫీసరు చెప్పాడు: "ఏడాది నిండాక తొలి నడక నమోదు. ఆపైన ఏడేళ్లు వచ్చేదాకా మూడు నెలలకోసారి. నడక ఇంకెవరితోనూ కలవకుండా చూసుకోండి. కలిస్తే కేంద్రానికి పంపి సరిచేయించాల్సి వస్తుంది."

140వ రోజు

వానలు. మడుల్లో పని లేదు.

సోములమ్మ ఇంట్లో మా అప్ప నడవడం మానేసింది. నాలుగు కాళ్ల మీద పాకుతుంది. చేతిలో గిన్నె ఉంటే కూర్చుని దేకుతుంది. పొయ్యి దగ్గరికి దేకుతుంది, నీళ్ల కుండ దగ్గరికి దేకుతుంది. మోకాళ్లకి పాత గోనె ముక్కలు కట్టుకుంది. పాప నిద్రపోయినప్పుడు పెరట్లోకి వెళ్లి నిలబడి ఒళ్లు విరుచుకుంటుంది. లోపల కదలిక వినిపిస్తే చాలు, కుప్పకూలినట్టు కూర్చుండిపోతుంది.

"ఇంకా పాకడమే రాని పిల్ల. ఇప్పట్నించీ ఏలనే?" అన్నాను.

"అది సూస్తాదే తవిటీ. అన్నీ సూస్తాది."

నేను కూడా గుమ్మం బయటే కూర్చుని పాపని పిలుస్తాను. లోపలికి వెళ్లాలంటే పాకాలి. ఇరవై మూడేళ్ల మనిషిని, మా అప్ప కూతుర్ని చూడ్డానికి కుక్కలా పాకి వెళ్తాను. ఈ వాక్యం ఎవడైనా పెద్ద చదువులవాడు చదవాలి.

231వ రోజు

పారమ్మ కేంద్రం నుంచి తిరిగొచ్చింది.

బస్సు దిగి వస్తుంటే ఎవరో ఊరికి కొత్త మనిషనుకున్నాం. ఆమె కూతురు అరుగు మీద ఆడుకుంటోంది. దగ్గరికొచ్చి పేరు పెట్టి పిలిచేదాకా లేవలేదు. అప్పుడు కూడా మొహం చూసి నమ్మింది, కాళ్లు చూసి వెనక్కి జరిగింది.

మోకాలు ఎత్తుతుంది, ఆగుతుంది, వేస్తుంది. మళ్లీ ఎత్తుతుంది, ఆగుతుంది, వేస్తుంది. బాట మాత్రం ఆమెని "పారమ్మ గారూ, స్వాగతం," అంది. తలుపులన్నీ తెరుచుకున్నాయి.

"ఏటి సేసినారప్పా నిన్ను?" అన్నాను.

"ఏటీ సెయ్నేదు. నడిపించినారు."

"ఎలగ?"

"నడిపించినారంతే. రోజూ." టీ గ్లాసు కింద పెట్టేసింది. "తిండి బాగానే ఎట్టినారు."

మర్నాడు తనంతట తనే మడుల దగ్గరికి వచ్చి గట్టు ఎక్కింది. మూడో అడుగుకి నీళ్లలో పడింది. లేచి మళ్లీ ఎక్కింది, మళ్లీ పడింది. పదహారేళ్లు ఆ గట్టు మీద నడిచిన మనిషి. నేను చెయ్యి పట్టుకుని బయటికి లాగాను. ఉప్పునీళ్లు కళ్లలోంచి తుడుచుకుంటూ, "నువ్వు మాత్రం ఎల్లకే. పేరిత్తారు గాని," అని ఆగిపోయింది.

ఆమెని ఉంచింది ఆరు నెలలే. పెద్దదాని ఒళ్లే ఇలా విరిచారంటే, ఏడాది పిల్లని ఏం చేస్తారో అని ఆ రోజంతా ఆలోచించాను.

378వ రోజు

పాప గోడ పట్టుకుని నిలబడుతోంది. ఇంకా అడుగు వేయలేదు. నమోదుకి వారం ఉంది.

సోములమ్మకి కొత్త భయం పట్టుకుంది. "నన్ను సూసి కుంటితేనో? మంచి కాళ్లతో కుంటితే దాస్తన్నాదని పట్టీసుకుంటారు." ఆమె కూడా ఇవాళ్టి నుంచి స్టూలు మీద నుంచి లేవడం లేదు. టీలు నేను అందిస్తున్నాను, పాప చూడకుండా గోడ చాటు నుంచి.

ఒక ఇంట్లో ముగ్గురు ఆడవాళ్లం. కాళ్లున్నాయి. ఎవరం నడవం. మధ్యలో పాప నిలబడి మా మొహాలు చూసి నవ్వుతోంది.

385వ రోజు

పాప నడిచింది. ఇవాళ జరిగినది ఉన్నదున్నట్టు రాస్తాను.

నిన్న సాయంత్రం వరకూ ఒక్క అడుగు వేయలేదు. పొద్దున్న సోములమ్మ ఎత్తుకుని బాట దగ్గరికి తెచ్చింది. ఆఫీసరు అవతలి చివర కుర్చీలో ఉన్నాడు. చచ్చినవాళ్లం కాబట్టి మేం పట్టీ మీదికి రాకూడదు. నేనూ గున్నమ్మా రోడ్డు వారన కూర్చున్నాం. గున్నమ్మ గోనె ముక్కలు విప్పలేదు.

సోములమ్మ పాపని రబ్బరు పట్టీ మీద నిలబెట్టి, తను పక్కకి తప్పుకుంది. పాప మా వైపు చూసింది. సోములమ్మ వైపు చూసింది. అవతల జోగారావు తన పాత ఉత్తరాల సంచి ఊపి, "రా తల్లీ, నీకు ఉత్తరమొచ్చింది," అన్నాడు.

ఒక కాలు ఎత్తింది. నేను ఆ కాలినే చూశాను. మడమకి బొటనవేలు తగులుతుందా అని. తగల్లేదు. కాలు దూరంగా, ఎక్కడో పక్కకి పడింది. రెండోది ఇంకా పక్కకి. బాతులా, చేతులు రెండూ గాల్లోకి పెట్టి, పడబోతూ పడకుండా, ఎవరిదీ కాని నడక నడిచింది. ఏడు కాదు, పదకొండు అడుగులు పట్టింది.

గొంతు కాసేపు పలకలేదు. నా జన్మలో అంత సేపు ఎప్పుడూ ఎదురుచూడలేదు.

"కొత్త నడక. పేరు చెప్పండి."

సోములమ్మ నా వైపు తిరిగింది. తవుడుకి కొన్న పిల్లకి వేరే ఏ పేరు పెడతారు? మాలో ఎవరం ముందుగా అనుకోలేదు గాని, ముగ్గురికీ తెలిసిన పేరే. నా పేరు సంవత్సరం నుంచి ఖాళీగానే పడి ఉంది.

"తవిటమ్మ," అంది సోములమ్మ.

"తవిటమ్మ గారూ, స్వాగతం."

నా పేరు ఆ గొంతులో మళ్లీ విన్నాను. తలుపు తెరుచుకుంది. నాకు ఏడుపు వచ్చింది. పోయినందుకో, దక్కినందుకో ఇప్పటికీ చెప్పలేను. ఆఫీసరు సంతకం పెట్టి, "మూడు నెలల తర్వాత మళ్లీ తీసుకురండి," అని వ్యాను ఎక్కాడు. జోగారావు చొక్కాతో మొహం తుడుచుకున్నాడు.

పాప అవతలి నుంచి రోడ్డు మీదికి వచ్చింది. మమ్మల్ని చూసి చేతులు చాపింది. నేను పక్కకి తిరిగి చూసేసరికి గున్నమ్మ లేదు.

లేచింది. ఏడాది పాటు నేల మీద ఉన్న మనిషి, చేతులు చాపిన బిడ్డని చూసి ఏమీ గుర్తులేక లేచి నిలబడింది. అంత వెడల్పాటి రోడ్డు మీద, జానెడు గట్టు మీద నడిచినట్టు, మడమకి బొటనవేలు ఆన్చుకుంటూ, కుడి చెయ్యి నడుం వెనక పెట్టుకుని, తుంటి కదలకుండా నడిచింది. దాలమ్మత్త చూసి ఉంటే మెచ్చుకునేది.

"అప్పా, కూసో," అని అరిచాను. ఆమెకి వినబడలేదు.

పాప నవ్వు ఆపేసింది. చాపిన చేతులు మెల్లగా దించింది. వాళ్లమ్మ మొహం వైపు చూడటం లేదు. తల వంచి, నోరు తెరిచి, ఆ కాళ్ల వైపే చూస్తోంది.